ఐదేళ్లకని ఇచ్చిన ఓటు

వాది: పదవీకాలం మధ్యలో రాజీనామా చేసిన ఎంపీని బాధ్యత వదిలేసి పోయినవాడిగా చూడటం మనకు అలవాటైంది. నేను దాన్ని ఒప్పుకోను. ఒక మాట చెప్పి ఓటు తీసుకున్న మనిషి, ఆ మాట నెరవేరే దారి మూసుకుపోయిందని తెలిశాక కూడా కుర్చీలోనే ఉండిపోతే దాన్ని ద్రోహం అనాలి. కరీంనగర్ సంగతి చూడండి. 2004లో టీఆర్ఎస్ కాంగ్రెస్‌తో పొత్తు పెట్టుకుంది, ఐదు లోక్‌సభ స్థానాలు గెలిచింది, కరీంనగర్ నుంచి గెలిచిన పార్టీ అధినేత కేసీఆర్ కేంద్రమంత్రి అయ్యారు. ప్రత్యేక తెలంగాణ మీద ఏకాభిప్రాయం కోసమని ప్రణబ్ ముఖర్జీ నాయకత్వాన ఉపసంఘం వేశారు. ఎంతకాలం గడిచినా అది ఎటూ తేల్చలేదు. 2006 ఆగస్టులో కేసీఆర్ మంత్రి పదవి వదిలారు. దమ్ముంటే రాజీనామా చేసి మళ్లీ గెలవమని కాంగ్రెస్ మంత్రి ఎం. సత్యనారాయణరావు సవాలు విసిరితే, సెప్టెంబరులో ఎంపీ పదవి కూడా వదిలారు. డిసెంబరులో ఉప ఎన్నిక జరిగింది. కాంగ్రెస్ అభ్యర్థి జీవన్‌రెడ్డి మీద రెండు లక్షలకు పైగా మెజారిటీ వచ్చింది. ప్రజాభిప్రాయ సేకరణ అనేది మన రాజ్యాంగంలో లేదు. ఒక ప్రాంతం తన మనసులో ఏముందో దేశానికి చెప్పుకోవాలంటే దానికి మిగిలిన దారి ఇదొక్కటే.

ప్రతివాది: మాట నెరవేరకపోతే మాట ఇచ్చినవాడు తన మంత్రి పదవి వదులుకోవాలి, పొత్తు తెంచుకోవాలి. అంతవరకు మీతో నాకు పేచీ లేదు. ఎంపీ పదవి అలాంటిది కాదు. మంత్రి పదవి ప్రధాని ఇచ్చింది, ఎంపీ పదవి ఓటరు ఇచ్చింది. లోక్‌సభకు ఐదేళ్ల గడువని రాజ్యాంగం 83వ అధికరణంలో రాసుకున్నాం. ఓటరు లైన్లో నిలబడి ఐదేళ్లకని తీర్పు ఇచ్చాక, ఆ తీర్పును రెండున్నరేళ్లకే రద్దు చేసే హక్కు గెలిచినవాడికి ఎక్కడిది? కరీంనగర్ లెక్కే చూద్దాం. 2004లో ఓటేశారు. 2006 డిసెంబరులో మళ్లీ వేశారు. 2008 మేలో మళ్లీ వేశారు. 2009 ఏప్రిల్‌లో సాధారణ ఎన్నికల్లో మళ్లీ వేశారు. అయిదేళ్లలో నాలుగు సార్లు అదే నియోజకవర్గం తన ఎంపీని ఎన్నుకుంది. పోలింగ్ ముగిశాక సిరా గుర్తు చెరగడానికి వారాలు పడుతుంది. కరీంనగర్ ఓటరు వేలికి ఆ గుర్తు పూర్తిగా పోయేలోపే మళ్లీ పిలుపు వచ్చినట్టుంది. ఇక ఆ ఎన్నికలు అడిగిన ప్రశ్న ఏమిటి? బ్యాలెట్ మీద తెలంగాణ కావాలా వద్దా అని ఉండదు. అభ్యర్థుల పేర్లు, గుర్తులు ఉంటాయి. ఆ ఒక్క ఓటులో నాయకుడి మీద అభిమానం, స్థానిక కోపం, కులం, పథకాలు అన్నీ కలిసి ఉంటాయి. వాటిలో తెలంగాణ వాటా ఎంతో విడదీసి చెప్పగలిగిన మనిషి ఎవరూ లేరు. పైగా ప్రశ్న ఎప్పుడు అడగాలో, ఎక్కడ అడగాలో అడిగేవాడే నిర్ణయించుకుంటున్నాడు. తనకు బలం ఉన్నచోట, తనకు అనువైన రోజున అడుగుతున్నాడు.

వాది: బలం ఉన్నచోటే అడుగుతారన్న మాటకు 2008 జవాబు చెబుతుంది. ఆ ఏడాది మార్చిలో టీఆర్ఎస్ ఎంపీలు నలుగురు, ఎమ్మెల్యేలు పదహారుగురు ఒకేసారి రాజీనామా చేశారు. ఎదుట ఉన్నది వైఎస్ రాజశేఖరరెడ్డి ప్రభుత్వం, అప్పటికి పూర్తి బలంలో ఉంది. సాధారణ ఎన్నికలు ఏడాది దూరంలో ఉన్నాయి. ఏ లెక్క వేసుకున్నా కదలకుండా కూర్చోవడమే లాభం. అయినా కదిలారు, దెబ్బతిన్నారు. నాలుగు లోక్‌సభ స్థానాల్లో కరీంనగర్, హన్మకొండ మాత్రమే నిలిచాయి. వరంగల్ తెలుగుదేశానికి, ఆదిలాబాద్ కాంగ్రెస్‌కు పోయాయి. పదహారు శాసనసభ స్థానాల్లో ఏడే దక్కాయి. కరీంనగర్‌లో రెండు లక్షల మెజారిటీ సుమారు పదిహేను వేలకు పడిపోయింది. ఓడిపోయే అవకాశం ఉందని తెలిసి అడిగిన ప్రశ్న నిజమైన ప్రశ్న. చేతిలో ఉన్నదాన్ని పణంగా పెట్టినవాడి మాటకు, ఏమీ పణం పెట్టకుండా సభలో ఉపన్యాసం ఇచ్చేవాడి మాటకు విలువలో తేడా ఉందా లేదా? ప్రజాస్వామ్యంలో చిత్తశుద్ధికి ఇంతకంటే పెద్ద పరీక్ష నాకు కనిపించదు.

ప్రతివాది: ధైర్యం ఉంది, కాదనను. ఆ ఓటమిని ఎవరు ఏమని చదివారో కూడా చెప్పండి. 2006లో గెలిచినప్పుడు ప్రజలు తెలంగాణకు ఓటేశారన్నారు. 2008లో సగానికి పైగా స్థానాలు పోయినప్పుడు ప్రజలు తెలంగాణ వద్దన్నారని ఎవరైనా ఒప్పుకున్నారా? అధికార పక్షం డబ్బు, అధికార బలం పనిచేశాయని అన్నారు. అందులో నిజం ఉండొచ్చు. అవును అన్న జవాబును మాత్రమే లెక్కలోకి తీసుకుని, కాదు అన్న జవాబుకు కారణాలు వెతికేటప్పుడు అది ప్రశ్న అనిపించుకోదు. 2009లో ఏం జరిగిందో చూస్తే నా మాట ఇంకా స్పష్టమవుతుంది. కేసీఆర్ మహబూబ్‌నగర్‌కు మారారు, కరీంనగర్ కాంగ్రెస్ అభ్యర్థి పొన్నం ప్రభాకర్‌ను గెలిపించింది. మీ తర్కం ప్రకారం కరీంనగర్ తెలంగాణను వదిలేసినట్టు. అయితే ఆ పొన్నం ప్రభాకరే తర్వాతి ఐదేళ్లు లోక్‌సభలో తెలంగాణ కోసం గొంతెత్తిన వారిలో ముందువరుసలో నిలిచారు. అంటే కరీంనగర్ ప్రజల కోరిక 2006లోనూ అదే, 2008లోనూ అదే, 2009లోనూ అదే. మారింది అభ్యర్థులు, పొత్తులు, ఆ పూట రాజకీయం. కోరిక మారకుండా ఫలితం మూడు రకాలుగా వచ్చిందంటే ఉప ఎన్నిక ఆ కోరికను కొలిచే సాధనం కాదని అర్థం.

వాది: ఆ మాట నన్ను ఆలోచనలో పడేసింది, దాచను. 2008 ఫలితాన్ని 2006 ఫలితమంత నిజాయితీగా స్వీకరించి ఉండాల్సింది. అయితే ఉప ఎన్నికను కొలబద్దగా మాత్రమే చూస్తే దాని రెండో పని మీకు కనిపించదు. ఆ పని ఏమిటో హైదరాబాద్‌లో చూడండి. రామంతాపూర్‌లో నిలబడి హబ్సిగూడ వైపు నడిస్తే తార్నాక వస్తుంది, అక్కడి నుంచి ఉస్మానియా క్యాంపస్. 2009 డిసెంబరు 9న కేంద్రం తెలంగాణ ప్రక్రియ మొదలవుతుందని హోంమంత్రి చిదంబరం చేత ప్రకటింపజేసింది, డిసెంబరు 23న సంప్రదింపులు కావాలంటూ వెనక్కి జరిగింది. ఆ రెండు ప్రకటనల మధ్య, ఆ తర్వాత ఆ క్యాంపస్ ఎంత ఉడికిపోయిందో ఆ చుట్టుపక్కల పేటలకు తెలుసు. లాఠీలు, బాష్పవాయువు, ముళ్లకంచెలు చూసిన విద్యార్థులు నాయకుల ముందు పెట్టిన డిమాండు ఏమిటి? రాజీనామాలు చేయండన్నారు. అన్ని పార్టీల వారినీ అన్నారు. ఆ సంప్రదింపుల కోసం కేంద్రం వేసిన శ్రీకృష్ణ కమిటీ విధివిధానాలు బయటికి వచ్చాక 2010 ఫిబ్రవరిలో పన్నెండు మంది శాసనసభ్యులు రాజీనామా చేశారు. టీఆర్ఎస్ వారు పదిమంది, బీజేపీ నుంచి ఒకరు, తెలుగుదేశం నుంచి ఒకరు. జులై 27న పోలింగ్ జరిగింది. పదకొండు టీఆర్ఎస్‌కు, ఒకటి బీజేపీకి వచ్చాయి. నిజామాబాద్ అర్బన్‌లో సాక్షాత్తు పీసీసీ అధ్యక్షుడు డి. శ్రీనివాస్ ఓడిపోయారు. కొన్నిచోట్ల అరవై నాలుగు మందికి మించి బరిలో నిలవడంతో యంత్రాలు చాలక కాగితపు బ్యాలెట్ వాడాల్సి వచ్చింది. 1969లో ఇదే కోపం వీధుల్లో కాల్పుల దాకా పోయి ఎందరో పిల్లలను పొట్టనబెట్టుకుంది. 2010లో ఆ కోపంలో కొంతైనా పోలింగ్ బూత్ దాకా నడిచి వెళ్లింది. మనుషులు చావకుండా తమ మాట చెప్పుకునే ఒక దారిని తెరవడం చిన్న సంగతి కాదు.

ప్రతివాది: 2010 మీ వాదంలో అన్నిటికంటే బలమైన చోటు. నేను అక్కడ తలవంచుతాను. ప్రశ్న ఏమిటో అందరికీ తెలుసు, పక్షాలు స్పష్టంగా ఉన్నాయి, జవాబు పన్నెండుకు పన్నెండు వచ్చింది. దాన్ని ఎవరూ ఇంకోలా చదవలేకపోయారు. అయినా రాష్ట్రం ఎలా వచ్చిందో చూడాలి. 2014 ఫిబ్రవరి 18న లోక్‌సభ, 20న రాజ్యసభ బిల్లును ఆమోదించాయి. అంటే పని జరిగింది సభలో. 2009లో టీఆర్ఎస్ గెలిచింది రెండే లోక్‌సభ స్థానాలు. తెలంగాణ నుంచి ఎన్నికైన కాంగ్రెస్ ఎంపీలు తమ పార్టీ లోపల ఒత్తిడి పెట్టారు, సభలో కొట్లాడారు. వాళ్లంతా కుర్చీలు ఖాళీ చేసి ఇంటికి వచ్చి ఉంటే ఆ ఒత్తిడి పెట్టేవారెవరు? 2011 జులైలో తెలంగాణ ఎమ్మెల్యేలు మూకుమ్మడిగా రాజీనామాలు ఇస్తే, అవి భావోద్వేగంలో ఇచ్చినవని స్పీకర్ నాదెండ్ల మనోహర్ తిరస్కరించారు. తిరస్కరించినందువల్ల ఉద్యమానికి నష్టం జరగలేదు. బయటి దేశపు అనుభవం కూడా ఇదే చెబుతుంది. ఐర్లండ్‌కు ఉత్తర ఐర్లండ్ వ్యవహారాల్లో చోటిచ్చిన ఒప్పందాన్ని నిరసిస్తూ బ్రిటన్‌తోనే ఉండాలనే పదిహేను మంది యూనియనిస్టు ఎంపీలు బ్రిటిష్ పార్లమెంటుకు రాజీనామా చేశారు. 1986 జనవరి 23న ఒకేరోజు పదిహేను ఉప ఎన్నికలు జరిగాయి. పద్నాలుగు నిలబెట్టుకున్నారు, ఒకటి పోగొట్టుకున్నారు. ఒప్పందం మాత్రం అలాగే అమలైంది. అంత పెద్ద జవాబు వచ్చినా దాన్ని వినాల్సిన ప్రభుత్వానికి వినాలన్న నిర్బంధం లేదు. మన దగ్గర 1971లో తెలంగాణ ప్రజాసమితి పద్నాలుగింటిలో పది లోక్‌సభ స్థానాలు గెలిచింది. అది ఉప ఎన్నిక కూడా కాదు, నిండు సాధారణ ఎన్నిక. కొన్ని నెలలకే ఆ పార్టీ కాంగ్రెస్‌లో కలిసిపోయింది. ఓటరు జవాబు చెప్పినంత మాత్రాన అది నిలబడదు. దాన్ని నిలబెట్టే మనిషి సభలో ఉండాలి.

వాది: సభలో ఉండాలన్న మీ మాటే తీసుకుంటాను. ఏ పార్టీ గుర్తు మీద ఉండాలి? రాజీనామాకు ఉద్యమం ఒక్కటే కారణం కాదు. పార్టీతో తెగిపోవడం ఇంకో కారణం. 2010 నవంబరు 29న వైఎస్ జగన్ కాంగ్రెస్‌ను వదిలారు, అదే రోజు కడప ఎంపీ పదవినీ వదిలారు. 2011 మేలో తన కొత్త పార్టీ తరఫున నిలబడి అయిదు లక్షల నలభై అయిదు వేలకు పైగా మెజారిటీతో గెలిచారు. 2012 జూన్‌లో నెల్లూరులో మేకపాటి రాజమోహన్‌రెడ్డి అలాగే చేశారు. కాంగ్రెస్ గుర్తు మీద గెలిచిన పదవిని తిరిగిచ్చి, కొత్త గుర్తు మీద రెండు లక్షల తొంభై వేలకు పైగా మెజారిటీ తెచ్చుకున్నారు. వీళ్ల రాజకీయం మీకు నచ్చనక్కర్లేదు. కాని పద్ధతి చూడండి. ఇప్పుడు ఇంకో పద్ధతి చూడండి. 2023 డిసెంబరులో బీఆర్ఎస్ గుర్తు మీద ఖైరతాబాద్ ఎమ్మెల్యేగా గెలిచిన దానం నాగేందర్, ఆ పదవిలో ఉంటూనే 2024లో సికింద్రాబాద్ లోక్‌సభకు కాంగ్రెస్ అభ్యర్థిగా పోటీ చేశారు. తార్నాక ఓటర్ల ముందే జరిగింది ఇది. పార్టీ మారారన్న ఆరోపణ ఉన్న పదిమంది ఎమ్మెల్యేల అనర్హత పిటిషన్ల మీద మూడు నెలల్లో నిర్ణయం తీసుకోవాలని 2025 జులై 31న సుప్రీంకోర్టు స్పీకర్‌కు చెప్పాల్సి వచ్చింది. 1985లో ఫిరాయింపుల నిరోధక చట్టం తెచ్చిందే ఇలాంటివాటికి విరుగుడుగా. ఒక గుర్తు చూసి వేసిన ఓటును ఇంకో గుర్తుకు మోసుకుపోవడం కంటే, తెచ్చి ఓటరు చేతిలో పెట్టి మళ్లీ అడగడం ఎంత గౌరవం! ఓటరును మనిషిగా చూసే పద్ధతి ఈ రెంటిలో ఏది?

ప్రతివాది: రెండోది, అంటే తిరిగిచ్చి అడగడం. ఇందులో నాకు సందేహం లేదు. నిజానికి పార్టీ మారదలచినవారికి రాజీనామా అనేది ఇష్టానికి వదిలే సంగతి కాకూడదు, తప్పనిసరి కావాలి. అక్కడ ఓటరుతో చేసుకున్న ఒప్పందం సభ్యుడి చేతనే తెగిపోయింది, కొత్త ఒప్పందం కావాలి. అయితే మీరు రాజీనామాలన్నిటినీ ఒక్క గంపలో వేస్తున్నారు. అవి కనీసం మూడు రకాలు. ప్రశ్న అడగడానికి చేసేది ఒకటి, పార్టీ మారడానికి చేసేది రెండు, ఇంకో పదవి కోసం చేసేది మూడు. మన తెలుగునాట లోక్‌సభ ఉప ఎన్నికల్లో ఈ మూడో రకం వాటా తక్కువేమీ కాదు. 1991లో పి.వి. నరసింహారావు ప్రధాని అయ్యాక సభకు ఎన్నిక కావాలి కనుక నంద్యాల ఎంపీ గంగుల ప్రతాపరెడ్డి రాజీనామా చేశారు. తెలుగువాడు ప్రధాని అయ్యాడని ఎన్టీఆర్ అభ్యర్థిని పెట్టలేదు. అయిదు లక్షల ఎనభై వేల మెజారిటీ వచ్చింది. 2014లో కేసీఆర్ గజ్వేల్, మెదక్ రెండూ గెలిచి మెదక్ వదిలారు. సెప్టెంబరులో మెదక్ ఓటరు మళ్లీ వచ్చి కొత్త ప్రభాకర్‌రెడ్డికి మూడు లక్షల అరవై వేలకు పైగా మెజారిటీ ఇచ్చాడు. 2015లో కడియం శ్రీహరి ఉపముఖ్యమంత్రి అయినందుకు వరంగల్ ఓటరు నవంబరులో వచ్చి పసునూరి దయాకర్‌కు నాలుగు లక్షల యాభై తొమ్మిది వేల మెజారిటీ ఇచ్చాడు. ఈ మెజారిటీలు చూసి మురిసిపోతాం. అక్కడ ఓటరును ఏ ప్రశ్నా అడగలేదు. మాకు ఇంకో పని పడింది, నీవు మళ్లీ రా అన్నారు.

వాది: మూడో రకాన్ని నేను సమర్థించను. రెండు చోట్ల నిలబడి రెండూ గెలిచి ఒకటి పారేసే పద్ధతి పోవాలి. 1996 దాకా ఎన్ని చోట్లనైనా నిలబడనిచ్చారు. ఆ ఏడాది సవరణతో రెండుకు కుదించారు. ఒక్కరికి ఒక్క స్థానమే అని లా కమిషన్ 2015లో తన 255వ నివేదికలో సిఫారసు చేసింది. అలా కుదరకపోతే వదిలేసిన అభ్యర్థి చేత ఉప ఎన్నిక ఖర్చు కట్టించండని ఎన్నికల సంఘం ఎప్పుడో అడిగింది. రెండూ కాగితాల మీదే ఉన్నాయి. 2023 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు ఇది పార్లమెంటు తేల్చాల్సిన విధానమంది. పార్లమెంటు తేల్చాలి. ఇంతవరకు మీ వెంటే ఉన్నాను.

ప్రతివాది: అయితే ఆ మూడో రకం రాజీనామా రామంతాపూర్‌కు ఏం చేసిందో కూడా తేల్చుకుందాం. రామంతాపూర్ ఉప్పల్ శాసనసభ నియోజకవర్గంలో ఉంది, ఉప్పల్ మల్కాజిగిరి లోక్‌సభలో ఉంది. ముప్పై లక్షలకు పైగా ఓటర్లతో దేశంలోకెల్లా పెద్ద నియోజకవర్గం. 2019లో 10,919 ఓట్ల మెజారిటీతో రేవంత్‌రెడ్డిని ఎన్నుకుంది. 2023 డిసెంబరులో ఆయన కొడంగల్ ఎమ్మెల్యేగా గెలిచి ముఖ్యమంత్రి అయ్యారు, ఎంపీ పదవి వదిలారు. రెండు సభల్లో ఉండటం నిబంధనలు ఒప్పుకోవు, ఆయన చేసింది చట్టం ప్రకారమే. అదే నెలలో నల్లగొండ, భువనగిరి, మెదక్ కూడా అలాగే ఖాళీ అయ్యాయి. తెలంగాణ పదిహేడు స్థానాల్లో నాలుగు కుర్చీలు ఖాళీ. డిసెంబరు 20న లోక్‌సభ భారతీయ న్యాయ సంహితతో సహా మూడు నేర చట్టాలను ఆమోదించింది. బ్రిటిష్ కాలపు శిక్షాస్మృతి స్థానంలో కొత్తదానికి ఆ సభ ఒప్పుకున్న రోజది. ఆ రోజు మల్కాజిగిరి ముప్పై లక్షల మంది తరఫున అవునని గాని కాదని గాని అనడానికి మనిషి లేడు. ఫిబ్రవరిలో మధ్యంతర బడ్జెట్ వచ్చింది, అప్పుడూ లేడు. రామంతాపూర్ మీదుగా పోయే వరంగల్ రోడ్డు జాతీయ రహదారి. ఉప్పల్ నుంచి నారపల్లి దాకా 2018లో మొదలుపెట్టిన ఎలివేటెడ్ కారిడార్ ఏళ్ల తరబడి స్తంభాల దగ్గరే ఆగిపోయింది. దాని గురించి లోక్‌సభలో అడగాల్సినవాడు ఎంపీయే. అడిగే కుర్చీ 2024 జూన్ దాకా, దాదాపు ఆరు నెలలు, ఖాళీగా ఉంది.

వాది: మీరు చెప్పిన నష్టం నిజం. దానికి కారణం మాత్రం ఉప ఎన్నిక జరగడం కాదు, జరగకపోవడం. ఖాళీ అయిన ఆరు నెలల్లోగా ఎన్నిక పెట్టాలని ప్రజాప్రాతినిధ్య చట్టం 151ఏ సెక్షన్ చెబుతుంది. సభకు ఏడాది లోపు గడువు మిగిలితే అక్కర్లేదనీ అదే చెబుతుంది. ఏడాది అంటే తక్కువ కాలమా? రెండు బడ్జెట్ల మధ్య కాలం అది. ఇదే మినహాయింపు 2018లో ఇంకో గొంతు నొక్కింది. ప్రత్యేక హోదా కోసం ఏప్రిల్ 6న వైఎస్ఆర్‌సీపీ ఎంపీలు అయిదుగురు రాజీనామా చేశారు. తిరుపతి, ఒంగోలు, రాజంపేట, కడప, నెల్లూరు అప్పుడే ఓటరు ముందుకు వెళ్లి ఉంటే, హోదా మీద ఆంధ్రప్రదేశ్ ఏమనుకుంటోందో తేలిపోయేది. ఆమోదం జూన్‌లో గాని రాలేదు. అప్పటికి సభ గడువు ఏడాది లోపుకు వచ్చింది, ఉప ఎన్నిక లేదన్నారు. కర్ణాటకలో మేలో ఖాళీ అయిన షిమోగా, బళ్లారి, మండ్య స్థానాలకు నవంబరులో ఎన్నిక జరిగింది. నెల తేడాతో ఒక రాష్ట్రపు ఓటరుకు మాట దక్కింది, ఇంకో రాష్ట్రపు ఓటరుకు దక్కలేదు. దీనికి మందు రాజీనామాలు తగ్గించడం కాదు, ఓటరు దగ్గరికి వెళ్లే దారిని గట్టిపరచడం.

ప్రతివాది: ఆ నెల తేడాయే నన్ను కలవరపెడుతోంది. 1974 సవరణ తర్వాత రాజీనామా స్వచ్ఛందమా, నిజమా అని స్పీకర్ విచారించుకుని ఆమోదించాలి. అందులో న్యాయం ఉంది, బలవంతపు రాజీనామాల నుంచి సభ్యుడిని కాపాడుతుంది. కాని దానివల్ల ఓటరును ఎప్పుడు అడగాలి, అసలు అడగాలా అన్నది ఓటరు చేతిలో లేదు. రాజీనామా తేదీ సభ్యుడి చేతిలో, ఆమోదం తేదీ స్పీకర్ చేతిలో, పోలింగ్ తేదీ ఎన్నికల సంఘం చేతిలో ఉన్నాయి. తేదీలన్నీ ఇతరులవే అయిన చోట ఇది ప్రజల సాధనమని ఎలా అంటాం? దానికి తోడు ఉప ఎన్నిక వచ్చిన చోట ప్రభుత్వం ఎలా మారిపోతుందో చూడండి. లోక్‌సభ కాదు, శాసనసభ ఉదాహరణే అయినా పద్ధతి ఒకటే. హుజూరాబాద్ ఎమ్మెల్యే ఈటల రాజేందర్ 2021 జూన్‌లో రాజీనామా చేశారు. ఆగస్టు 16న దళితబంధు పథకాన్ని హుజూరాబాద్ నియోజకవర్గంలోనే మొదలుపెట్టారు. మా ఎమ్మెల్యే కూడా రాజీనామా చేస్తే మాకూ వచ్చేదన్న మాట ఇతర నియోజకవర్గాల్లో వినిపించింది. మునుగోడులో ఉప ఎన్నిక మాట నడుస్తుండగానే ఎన్నాళ్లుగానో అడుగుతున్న గట్టుప్పల్ మండలం వచ్చింది. న్యాయంగా రావాల్సినవి ఎమ్మెల్యే పదవి పోతే గాని రావని జనం నమ్మడం మొదలైతే, పదవిలో ఉండి పనిచేసే సభ్యుడికి విలువ ఏముంటుంది? ఓటరు తన ప్రతినిధి గెలుపు కంటే తన ప్రతినిధి రాజీనామానే వరంగా కోరుకునే స్థితి మంచిది కాదు.

వాది: ఆ స్థితి మంచిది కాదు. కాని హుజూరాబాద్ ఓటరు ఏం చేశాడో చెప్పకుండా ఆపేశారు. పథకం తీసుకున్నాడు, అది తన హక్కు. అక్టోబరు 30న వెళ్లి ఈటలనే 23,855 మెజారిటీతో గెలిపించాడు. మునుగోడులో 2022 నవంబరులో 93 శాతం మంది ఓటేశారు. రాజీనామా చేసి బీజేపీ తరఫున నిలబడిన కోమటిరెడ్డి రాజగోపాల్‌రెడ్డిని పదివేల ఓట్ల తేడాతో ఓడించారు. అంటే రాజీనామా చేసినవాడు ఓడాడు ఒకచోట, గెలిచాడు ఇంకోచోట. లండన్‌లో జాక్ గోల్డ్‌స్మిత్ హీత్రూ విమానాశ్రయ విస్తరణకు నిరసనగా 2016లో రాజీనామా చేసి రిచ్‌మండ్ పార్క్‌లో మళ్లీ నిలబడితే, ఓటర్లు ఆయన ప్రశ్నను పక్కన పెట్టి, యూరోపియన్ యూనియన్ సంగతి తమ ప్రశ్నగా పెట్టుకుని ఆయన్ని ఓడించారు. ఎవరు ఏ ప్రశ్న వేసినా, ఓటరు తనకు కావలసిన ప్రశ్నకే జవాబు చెబుతాడు. దీన్ని మీరు కొలబద్ద లోపం అన్నారు. నేను ఓటరు స్వేచ్ఛ అంటాను. అడిగినవాడి చేతిలో లేని జవాబు ఇంకెక్కడ దొరుకుతుంది?

ప్రతివాది: ఓటరు తెలివి మీద నాకు అనుమానం లేదు. నా బాధ ఓటరు శ్రమ గురించి. కూలి మానుకుని లైన్లో నిలబడిన మనిషి, పూణే నుంచో ముంబయి నుంచో బస్సెక్కి వచ్చిన వలస కార్మికుడు, ఆ నెలలన్నీ కోడ్ పేరుతో ఆగిపోయిన పనులు, ఇవన్నీ ఆ జవాబు ఖరీదు. ఆ ఖరీదు ఓటరు కట్టాడు కనుక, రాజీనామా చేసేవాడు కట్టాల్సింది కూడా ఉండాలి. తాను అడిగే ప్రశ్న ఏమిటో ముందుగా స్పష్టంగా చెప్పాలి. ఓడిపోతే దాన్ని ఏమని స్వీకరిస్తాడో కూడా ముందే చెప్పాలి. ఆ రెండు మాటలు ముందే చెప్పిన రాజీనామా అయితే, మీతో కలిసి దాన్ని గౌరవిస్తాను. చెప్పని రాజీనామా, ఎంత మెజారిటీ తెచ్చినా, ఓటరు మీద వేసిన వెట్టి అనే అంటాను.

వాది: ఆ రెండు షరతులూ న్యాయమైనవే, ఒప్పుకుంటున్నాను. ఒక్కటి మాత్రం మరిచిపోవద్దని కోరుతున్నాను. అయిదు వందల నలభై మూడు మంది ఉన్న సభలో ఒక చిన్న ప్రాంతం వాళ్లు పదిహేడు మందో, ఇరవై అయిదు మందో ఉంటారు. సంఖ్యతో ఎన్నటికీ గెలవలేరు. వాళ్లు ఎంత మర్యాదగా కూర్చున్నా వినకపోయే రోజులు వస్తాయి. అలాంటి రోజున ఇక మిగిలేది ఒక్క సంతకం. బలం లేనివాడి చేతి నుంచి ఆ సంతకాన్ని కూడా లాగేసే నియమం ఏదొచ్చినా, దాన్ని బలమున్నవాడే ముందుగా మెచ్చుకుంటాడు. ఎక్కువగా వాడటం తప్పు కావచ్చు. లేకుండా చేయడం అంతకంటే పెద్ద తప్పు.

ప్రతివాది: లేకుండా చేయమని నేనూ అనను. ఎంపీ రాజీనామా పత్రం స్పీకర్ పేరిట రాస్తారు. అందులో కారణం రాయకూడదని సభ నిబంధన. ఓటరుకు దాని ప్రతి పంపాలన్న నియమం ఏ చట్టంలోనూ లేదు. కరీంనగర్ ఓటరును అయిదేళ్లలో నాలుగు సార్లు పిలిచినప్పుడూ పంపలేదు, మల్కాజిగిరి ఓటరును ఆరు నెలలు ప్రతినిధి లేకుండా ఉంచినప్పుడూ పంపలేదు. చట్టం అడగని ఆ ప్రతిని మనమే అడగాలి. ఈసారి మీ ఎంపీ రాజీనామా చేసి మళ్లీ మీ గుమ్మంలోకి వచ్చినప్పుడు, ఏ పార్టీ వాడైనా సరే, ఏ ప్రశ్నకు మా జవాబు కావాలి, మేం కాదంటే మీరేం చేస్తారు అని అడగండి. జవాబు విన్నాకే ఓటు గురించి ఆలోచించండి.